వాతావరణం చెప్పడానికి నాలుగేళ్ల చదువు కావాలా?

ప్రశ్న: డాలస్ దగ్గర ఫ్రిస్కోలో ఉంటాం. ఇద్దరమూ సాఫ్ట్‌వేరే. పదకొండో తరగతి చదువుతున్న మా అమ్మాయి లోకల్ టీవీలో మెటియరాలజిస్ట్, అంటే వాతావరణం చెప్పే నిపుణురాలు, అవుతానని పట్టు పట్టింది. "మేకప్ వేసుకుని మ్యాప్ ముందు చేతులు ఊపడానికి అంత ఫీజు కట్టాలా?" అంటారు వాళ్ల నాన్న. కంప్యూటర్ సైన్స్ చదివి, ఇది సరదాకి చేసుకోమని చెప్పమంటారా?

జవాబు: మీ వారు అలా అనుకోవడంలో వింతేమీ లేదండీ. మన తెలుగు చానళ్లలో చాలావరకు వాతావరణ కేంద్రం ఇచ్చిన సమాచారాన్ని న్యూస్ రీడర్ చదివి వినిపిస్తారు, అంతే. మీరుండే చోట పద్ధతి వేరు. తెర మీద కనిపించే మనిషే రాడార్ చూసి, కంప్యూటర్ మోడళ్లు ఒకదానితో ఒకటి పోల్చి, ఫోర్‌కాస్ట్ తయారు చేసుకుంటారు. చిన్న చానళ్లలో గ్రాఫిక్స్ కూడా తామే చేసుకోవాలి. ఆ పైన ప్రాంప్టర్ లేకుండా రెండు మూడు నిమిషాలు తడుముకోకుండా మాట్లాడాలి. వెనకున్న మ్యాప్ మనకే గానీ వాళ్లకు కనిపించదు, అక్కడుండేది ఉత్త పచ్చ గోడ. పక్కన మానిటర్ చూసుకుంటూ చెయ్యి ఏ కౌంటీ (మన జిల్లా లాంటిది) మీద పడుతోందో సరిచూసుకుంటారు. మీ వారికి చేతులు ఊపడంలా కనిపిస్తున్నది ఇదే.

కాబట్టి ఆమెను ముందు అడగాల్సింది కెమెరా అంటే భయమా అని కాదు, క్యాలిక్యులస్ ఎలా సాగుతోంది అని. మెటియరాలజీ బీఎస్‌లో మల్టీవేరియబుల్ క్యాలిక్యులస్, డిఫరెన్షియల్ ఈక్వేషన్స్, ఫిజిక్స్, థర్మోడైనమిక్స్, ఆ తర్వాత గాలి కదలికల లెక్కలు ఉంటాయి. తుఫానులంటే మోజుతో చేరిన పిల్లలకు పరీక్ష మొదటి రెండేళ్లే. అది దాటి ఉద్యోగంలో చేరాక అమెరికన్ మెటియరలాజికల్ సొసైటీ ఇచ్చే సర్టిఫైడ్ బ్రాడ్‌కాస్ట్ మెటియరాలజిస్ట్ గుర్తింపు తెచ్చుకోవచ్చు. దానికి డిగ్రీ ఉండాలి, రాతపరీక్ష పాసవ్వాలి, టీవీలో చెప్పిన ఫోర్‌కాస్ట్‌లను నిపుణులు చూసి మెచ్చాలి.

ఇక మనవాళ్లు పెద్దగా పట్టించుకోని సంగతి ఒకటుంది. టోర్నడో, అంటే నేలను తాకే భీకరమైన సుడిగాలి, వస్తోందని వార్నింగ్ జారీ చేసేది ప్రభుత్వ నేషనల్ వెదర్ సర్వీస్. కానీ అది విని జనం సోఫాలోంచి లేచేది తాము నమ్మిన మనిషి చెబితేనే. ఆ నమ్మకం తుఫాను రాత్రి పుట్టదు, అంతకు ముందు ఏళ్లలో సంపాదించుకోవాలి. అలబామాలోని బర్మింగ్‌హామ్‌లో జేమ్స్ స్పాన్ అనే టీవీ మెటియరాలజిస్ట్ దశాబ్దాలుగా స్కూలు స్కూలూ తిరిగి పిల్లలకు వాతావరణం చెబుతున్నారు. ఆయన పాఠం విన్న పిల్లలు పెద్దవాళ్లై, ఇప్పుడు తమ పిల్లలతో కలిసి ఆయన్ని చూస్తున్నారు. 2011 ఏప్రిల్ 27న ఒక్క రోజులో ఆ రాష్ట్రంలో 200 మందికి పైగా టోర్నడోలకు బలయ్యారు. సైరన్ వినబడితే చూద్దాం అనుకుంటే చాలదని, హెచ్చరిక రాగానే మోగే వెదర్ రేడియో ఇంట్లో పెట్టుకోమని, తలకు హెల్మెట్ పెట్టుకుని దాక్కోమని ఆయన విసుగు లేకుండా చెబుతూనే ఉంటారు. ఉద్యోగంలో సగం ఇదేనంటాను నేను. పైగా తిట్లు కూడా పడాలి. సీరియల్ మధ్యలో ఆపి తుఫాను సంగతి చెప్పినందుకు ఫోన్ చేసి తిట్టేవాళ్లుంటారు. 2019 అక్టోబర్ 20న మీ డాలస్‌లోనే టోర్నడో దిగుతుంటే, ఒక చానల్ కౌబాయ్స్ ఫుట్‌బాల్ ఆట ప్రసారం ఆపడానికి కొన్ని నిమిషాలు ఆలస్యం చేసి, తర్వాత క్షమాపణ చెప్పుకుంది. ఆడపిల్లలకైతే వేసుకున్న బట్టల మీద వ్యాఖ్యలు అదనం. ఇది అమ్మాయికి ముందే తెలిసి ఉండాలి.

డబ్బు సంగతి దాచను. అమెరికాలో 210 టీవీ మార్కెట్లు, అంటే చానళ్ల ప్రాంతాలు, ఉన్నాయి, పెద్దవాటిలో డాలస్ మొదటి అయిదింట్లో ఉంటుంది. డిగ్రీ చేతికి రాగానే అక్కడ ఎవరూ పిలవరు. విచిటా ఫాల్స్ లాంటి చిన్న ఊళ్లో, రెండు మూడేళ్ల కాంట్రాక్టు మీద, మార్నింగ్ షో అయితే అర్ధరాత్రి దాటాక లేచి వెళ్లే ఉద్యోగంతో మొదలవుతుంది. తొలి జీతం సాఫ్ట్‌వేర్ పిల్లల జీతంలో సగమే అయినా ఆశ్చర్యపోకండి. టీవీ రంగం కూడా కుంచించుకుపోతోంది. 2025 జనవరిలో అలెన్ మీడియా తన చానళ్లలో స్థానిక మెటియరాలజిస్టులను తీసేసి, అట్లాంటా నుంచి వెదర్ చానల్ వాళ్లతో చెప్పించాలని చూసింది. ఊళ్లవాళ్లు గొడవ చేయడంతో వెనక్కి తగ్గింది. జనం ఊరుకోలేదన్నది సంతోషమే. అసలు అలాంటి ఆలోచన వచ్చిందన్నది మాత్రం గుర్తుపెట్టుకోవాలి.

అందుకే జర్నలిజం డిగ్రీలో చేర్పించి పక్కన రెండు వాతావరణ కోర్సులు పెట్టించొద్దు. మెటియరాలజీ బీఎస్సే చేయించండి, కంప్యూటర్ సైన్స్ మైనర్‌గా, అంటే పక్క సబ్జెక్టుగా, పెట్టించండి. టీవీ కుదరకపోతే ఎయిర్‌లైన్స్, ఇన్సూరెన్స్, కరెంటు కంపెనీలు ఉన్నాయి. ఎండ, గాలి అంచనా లేకుండా టెక్సస్ గ్రిడ్ ఒక్క రోజు నడవదు. కాలేజీల్లో టెక్సస్ ఏ అండ్ ఎం అయితే ఇన్‌స్టేట్ ఫీజు, అంటే సొంత రాష్ట్రం వాళ్లకుండే తక్కువ ఫీజు. ఓక్లహోమా యూనివర్సిటీ ఉన్న నార్మన్ మీకు కారులో మూడు గంటలు. అక్కడ దేశం మొత్తానికి తుఫాను అంచనాలిచ్చే ప్రభుత్వ స్టార్మ్ ప్రెడిక్షన్ సెంటర్, మెటియరాలజీ స్కూలు ఒకే భవనంలో ఉంటాయి, విద్యార్థులే నడిపే టీవీ వార్తలూ ఉన్నాయి. ఫీజులో తేడాకి స్కాలర్‌షిప్ వస్తేనే వెళ్లమంటాను. అప్పు చేసి వద్దు.

మీ ఉత్తరంలో వీసా సంగతి లేదు. అమ్మాయి అక్కడే పుట్టి ఉంటే ఈ పేరా వదిలేయండి. మీ ఉద్యోగ వీసా మీద ఆధారపడిన హెచ్4 మీద ఉంటే మాత్రం 21 ఏళ్లు నిండేలోగా గ్రీన్ కార్డు వస్తుందా అన్నది ముందు లాయర్‌తో తేల్చుకోండి. నేషనల్ వెదర్ సర్వీస్ ఉద్యోగాలకు పౌరసత్వం కావాలి, చిన్న చానళ్లు వీసాకి స్పాన్సర్ చేస్తాయన్న ఆశ పెట్టుకోవద్దు. మెటియరాలజీ స్టెమ్ (సైన్స్, టెక్నాలజీ చదువుల) జాబితాలో ఉంది కనుక ఎఫ్1 విద్యార్థి వీసాకి మారినా ఓపీటీ, అంటే చదువయ్యాక ఉద్యోగం చేసే అనుమతి, మూడేళ్లు దొరుకుతుంది. జర్నలిజానికి ఒక్క ఏడాదే.

ఇప్పుడే చేయగల పని ఒకటి. నేషనల్ వెదర్ సర్వీస్ ఫోర్ట్‌వర్త్ ఆఫీసు వాళ్లు ఏటా వసంతానికి ముందు తుఫానులను గమనించి కబురు చేసే వాలంటీర్ల కోసం స్కైవార్న్ క్లాసులు ఉచితంగా పెడతారు. మబ్బుల్లో ఏం చూడాలో, ఎవరికి కబురు చేయాలో అక్కడ నేర్పుతారు. అమ్మాయిని పంపండి, వాళ్ల నాన్ననూ తోడు వెళ్లమనండి. తర్వాత మీ గుడి హాల్లోనో తెలుగు సంఘం సమావేశంలోనో ఆమె చేత పావుగంట తెలుగులో మాట్లాడించండి: సైరన్ మోగితే బాల్కనీలోకి వెళ్లి వీడియో తీయొద్దు, కిటికీలు లేని లోపలి గదిలోకి, అన్నిటికంటే కింది అంతస్తులోకి వెళ్లండి అని. ఆర్నెల్లు ఉండిపోదామని వచ్చిన అమ్మమ్మలకూ తాతయ్యలకూ ఈ మాట చెప్పేవాళ్లు ఎవరూ ఉండరు. వాళ్లు అడిగే ప్రశ్నలకు ఆమె ఎలా జవాబిస్తుందో వెనక వరసలో కూర్చుని చూడండి, ఆ తర్వాత ఇద్దరూ మాట్లాడుకోండి.