తేదీ చెప్పలేదని ఫైలు మూసేశారు

స్వాతంత్ర్య సమరయోధుల పింఛను దరఖాస్తును కారణం చెప్పకుండా తిరస్కరించవచ్చా అని అడిగారు. కుదరదు. చాలామందికి మాత్రం అలాగే తిరస్కరించారు. అందులో మా తాత ఒకరు.

మాది నల్లగొండ జిల్లా సరిహద్దు పల్లె. రజాకార్ల ఆగడాలు ముదిరినప్పుడు తాత ఊరొదిలి జగ్గయ్యపేట వైపు దాటి, నిజాం మీద పోరాడేవాళ్ళు సరిహద్దు అవతల పెట్టుకున్న బార్డర్ క్యాంపులో చేరాడు. కేంద్రం 1972లో పెట్టిన పింఛను పథకంలోకి హైదరాబాద్ విలీన పోరాటం తర్వాతెప్పుడో వచ్చింది. దాంతో తాత కూడా దరఖాస్తు పెట్టుకున్నాడు.

1994లో మండలాఫీసులో ఎంక్వైరీకి పిలిచారు. నేను ఇంటర్ చదువుతున్నాను, తోడు వెళ్ళాను. ఉతికిన పంచె కట్టుకుని, ఎరువుల సంచి కత్తిరించి కుట్టిన కవర్లో కాగితాలు పెట్టుకుని, పొద్దున పదింటి నుంచి మూడింటి దాకా వరండాలో బల్ల మీద కూర్చున్నాడు. లోపలికి పిలిచాక ఆ అధికారి తలెత్తకుండానే, "ఏ తేదీన పోయినవ్?" అన్నాడు. డెబ్భై దాటిన మనిషిని నువ్వు అనడమేంటి? ఏటా ఆగస్టు 15న శాలువా కప్పేది వీళ్ళే కదా అని ఒళ్ళు మండింది.

"బతుకమ్మ పండుగ పోయినంక సార్. జొన్న కంకి మీదున్నది" అన్నాడు తాత.

"వచ్చిందెప్పుడు?"

"యూనియన్ సైన్యం వచ్చినంక."

"కథలొద్దు. తేదీ చెప్పు."

తాత నా వైపు చూశాడు. ఆయనకు తెలిసిన తేదీలు అవే. 1947లో బతుకమ్మ అక్టోబరులో వచ్చింది. సైన్యం దిగింది 1948 సెప్టెంబరు 13న. వేళ్ళ మీద లెక్కేసినా పదకొండు నెలలకు దగ్గర. పింఛనుకు అజ్ఞాతంలో ఉన్నట్టు చూపించాల్సింది ఆరు నెలలే. ఆ లెక్క కట్టడానికి ఆ అధికారికి ఒక్క నిమిషం పట్టేది.

ఏడాదిన్నరకు ఉత్తరం వచ్చింది. ఒకే ఒక్క వాక్యం: సమర్పించిన ఆధారాలు సంతృప్తికరంగా లేవు. ఏ ఆధారం? అందులో లోపమేంటి? ఏమీ లేదు. తాత ఆ కాగితాన్ని నాతో మూడుసార్లు చదివించుకున్నాడు. "అంటే నేను పోలేదంటున్నరా?" అని మాత్రం అడిగాడు.

తాత పోయాక, సమాచార హక్కు చట్టం వచ్చాక, 2006లో ఎంక్వైరీ రిపోర్టు నకలు తెప్పించాను. "నిర్దిష్ట తేదీలు చెప్పలేకపోయాడు" అని రాసుంది. బతుకమ్మ మాటే లేదు. నా కోపమంతా ఇక్కడే. ఆ రిపోర్టు ముందే చూపించి, దీనికి మీ జవాబేంటి అని అడిగి ఉంటే నేనే పక్కన కూర్చుని రాసిచ్చేవాణ్ణి. తన మీద ఏం రాశారో తెలియని మనిషి దేనికని జవాబు చెప్పుకుంటాడు?

దొంగ సమరయోధుల్ని ఆపాలి కదా అంటారు. నిజమే, వాళ్ళూ ఉన్నారు. ఒకప్పుడు నిజాం రాజ్యంలోదే అయిన బీడ్ జిల్లాలో దొంగ పింఛన్ల వ్యవహారం సుప్రీంకోర్టు దాకా వెళ్ళింది. కానీ నా అనుభవంలో దొంగ దగ్గర అన్ని కాగితాలూ సరిగ్గా ఉంటాయి, తేదీలతో సహా. నిజంగా తప్పించుకు తిరిగినవాడి దగ్గరే ఏమీ ఉండదు. పోలీసులకు దొరికి జైలుకెళ్ళినవాడికి జైలు రికార్డు ఉంటుంది. దొరకనివాడు ఎవరి రికార్డు తేవాలి?

ఇది నా ఒక్కడి ఆవేదన కాదు. 2001లో గురుదయాల్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఇదే చెప్పింది. క్రిమినల్ కేసులో లాగా అనుమానానికి తావులేని రుజువు అడగకూడదు, జరిగి ఉండే అవకాశం ఎంతుందో చూస్తే చాలు అంది. అంతకుముందు 1993లో ముకుంద్ లాల్ భండారీ కేసులో, ఆలస్యంగా పెట్టారన్న సాకుతో దరఖాస్తు తోసేయొద్దని, అర్హత తేలితే దరఖాస్తు చేసిన తేదీ నుంచి పింఛను ఇవ్వాలని అంది. ఈ రెండు తీర్పులూ ప్రతి ఎంక్వైరీ అధికారి బల్ల మీద ఉండాల్సింది.

మీ ఇంట్లో అలాంటి ఉత్తరం ఉంటే ముందు ఎంక్వైరీ రిపోర్టు నకలు అడగండి. అప్పీలు తర్వాత. తాత తమతోపాటు ఉన్నాడని సర్టిఫికెట్లు ఇచ్చిన ఇద్దరు క్యాంపు సహచరులూ మేము అడిగే వేళకు బతికి లేరు. పింఛను నాయనమ్మకైనా రావాల్సింది, రాలేదు. ఎరువుల సంచి కవరు ఇప్పటికీ మా బీరువాలో ఉంది.