చిన్నాకి అత్త రాసేది: చాక్లెట్ పై సంగతి, మీ నాన్న సంగతి

చిరంజీవి చిన్నాకి అత్త ఆశీస్సులు.

నిన్న వదిన ఫోన్‌లో చెప్పింది, గురువారం థ్యాంక్స్‌గివింగ్ భోజనానికి నువ్వు షుగర్ ఉన్న మీ నాన్న కోసం చక్కెర లేని చాక్లెట్ పై చేస్తున్నావట. ముందు నవ్వొచ్చింది. పాలు స్టవ్ మీద పెట్టి ఫోన్ చూసుకుంటూ పొంగబెట్టేవాడివి, నువ్వు పై చేయడమేంట్రా! తర్వాత మీ మామయ్యకి అదే మాట గొప్పగా రెండుసార్లు చెప్పాను. రాత్రి పడుకున్నాక మాత్రం ఒక్కొక్కటే గుర్తొచ్చి టెన్షన్ పట్టుకుంది. ఫోన్‌లో చెబితే "సరే అత్తా, సరే అత్తా" అని పెట్టేస్తావు. అందుకే రాస్తున్నాను. ప్రింట్ తీసి ఫ్రిజ్‌కి అంటించుకో.

ముందు క్రస్ట్ సంగతి, అంటే లోపలి చాక్లెట్‌ని పట్టి ఉంచే పిండి గిన్నె. నిన్నెరుగుదును కాబట్టి చెబుతున్నా, కొట్లో రెడీమేడ్ క్రస్ట్ ఒకటి తెచ్చేసి, లోపల వేసేదాంట్లో చక్కెర మానేస్తే పనైపోయిందనుకుంటావు. అది మైదారా. తొమ్మిదంగుళాల క్రస్ట్‌ని ఎనిమిది ముక్కలు చేస్తే, ఒక్కో ముక్కలో క్రస్ట్ వరకే 14 గ్రాముల దాకా కార్బ్స్, అంటే షుగర్‌ని పెంచే పిండి పదార్థాలు, ఉంటాయి. పైగా కొన్నిట్లో పంది కొవ్వు కలుస్తుంది, లేబుల్ మీద లార్డ్ అని రాస్తారు. వదిన గుడ్డే ముట్టదు. ఆ సంగతి తిన్నాక తెలిసిందంటే ఇక మీ ఇంట్లో మంచినీళ్ళు కూడా తాగదు.

బాదం పిండి రెండు కప్పులు, కరిగించిన వెన్న అయిదారు టేబుల్ స్పూన్లు, చిటికెడు ఉప్పు. కలిపి పళ్ళేనికి వేళ్ళతో అదిమి, 350 డిగ్రీల ఫారెన్‌హీట్ దగ్గర పది పన్నెండు నిమిషాలు. ఓవెన్ దగ్గరే నిలబడు, బాదం పిండి చూస్తుండగానే మాడిపోతుంది. పూర్తిగా చల్లారనివ్వు. వచ్చేవాళ్ళలో ఎవరికైనా గింజలు పడవేమో ముందే అడుగు.

ఇక తీపి. నా భయమంతా ఇక్కడే మొదలవుతుంది. డబ్బా ముందువైపు పెద్దక్షరాలు చూసి కొనకు, వెనక్కి తిప్పి చదువు. హాస్పిటల్ కిచెన్‌లో డైట్ ట్రేలు సర్దినన్నాళ్ళూ నాకు ఉద్యోగం నేర్పిన పని అదొక్కటే.

చక్కెర బదులు కలిపే తీపుల్లో మాల్టిటాల్ అని కనిపిస్తే అక్కడే పెట్టేసి రా. షుగర్-ఫ్రీ చాక్లెట్లు చాలావాటిలో అది ఉంటుంది. చక్కెరంత కాకపోయినా రక్తంలో షుగర్‌ని పెంచుతుంది, పైగా కడుపు ఉబ్బరం, విరేచనాలు. నలుగురిలో కూర్చున్న పెద్దమనిషికి ఆ తిప్పలెందుకు? కప్పు లెక్కన చక్కెర బదులు వాడే స్ప్లెండా పొడి ఉంది చూడు, అందులో మాల్టోడెక్స్‌ట్రిన్ అనే పిండి పదార్థం కలుపుతారు. కప్పుకి 24 గ్రాముల కార్బ్స్. సున్నా అనుకుని పోసేస్తారు జనం. ఎరిత్రిటాల్ షుగర్‌ని పెంచదు కానీ ఫ్రిజ్‌లో పెట్టాక మళ్ళీ గట్టిపడి పంటి కింద ఇసకలా తగులుతుంది, నాలుకకి చల్లగా అనిపిస్తుంది. పైగా 2023లో క్లీవ్‌లాండ్ క్లినిక్ వాళ్ళు, రక్తంలో అది ఎక్కువ ఉన్నవాళ్ళలో గుండెపోటు, పక్షవాతం ఎక్కువ కనిపించాయని ఒక అధ్యయనం వేశారు. అదే కారణమని తేలలేదు. అయినా గుండెకి స్టెంట్ పడ్డ మీ నాన్నకి నేను పెట్టను.

జైలిటాల్ అయితే ఇంట్లోకే రానివ్వకు. బర్చ్ షుగర్ అనే పేరుతో కూడా అమ్ముతారు. మనుషుల సంగతి సరే, కుక్క తింటే దానికి ఒక్కసారిగా ఇన్సులిన్ ఎగదన్ని షుగర్ పడిపోతుంది, లివర్ కూడా పోవచ్చు. మీ బ్రూనో కౌంటర్ మీదకి కాళ్ళు వేసి బట్టర్ స్టిక్ కాగితంతో సహా మింగేసిన వీడియో నువ్వే పంపావుగా! ఆ మాటకొస్తే చాక్లెట్ కూడా దానికి విషమే. ఆ రోజు వాడిని వేరే గదిలో ఉంచు.

నేను వాడేది ఆల్యులోజ్. చక్కెరలో డెబ్భై శాతం తీపి, వేడికి నిలుస్తుంది, చల్లారాక కరకరలాడదు. లేబుల్ మీద షుగర్ లెక్కలో కలపక్కర్లేదని అమెరికా ఆహార, మందుల సంస్థ ఎఫ్‌డీఏ 2019లో చెప్పింది. కాకపోతే ఎక్కువ తింటే ఇదీ కడుపుని ఊరుకోనివ్వదు. ఒక్క ముక్క చాలు అనడానికి అదొక కారణం.

మూడోవంతు కప్పు కోకో, పావు కప్పు కార్న్‌స్టార్చ్, ముప్పావు కప్పు ఆల్యులోజ్, చిటికెడు ఉప్పు, అర స్పూను ఇన్‌స్టంట్ కాఫీ పొడి. ఇవన్నీ పొడిగా ఉండగానే కలుపు. కాఫీ రుచి తెలియదు, చాక్లెట్ రుచి మాత్రం లేస్తుంది. తీపి తక్కువైన చోట అదే ఆదుకుంటుంది. తర్వాత తీపి వేయని బాదం పాలు రెండు కప్పులు, హెవీ క్రీమ్ ఒక కప్పు, రెండూ చల్లగా ఉన్నప్పుడే కొంచెం కొంచెంగా పోస్తూ కలుపు. ఇండియన్ స్టోర్‌లో కుంకుమపువ్వు బొమ్మతో దొరికే బాదం పాలు తెచ్చావంటే నీకు నమస్కారం, అందులో నిండా చక్కెరే. వేడి పాలలో కార్న్‌స్టార్చ్ పోశావా, ఉండలే.

సన్న మంటకి కొంచెం ఎక్కువ పెట్టి, గరిటె ఆపకుండా తిప్పు. ఉన్నట్టుండి చిక్కబడుతుంది. అయిపోయిందనిపిస్తుంది. దించకు. లావుపాటి బుడగలు బుడుక్కుమంటూ పైకొచ్చి పగలాలి, అలా ఒక నిమిషం ఉడకాలి. అప్పుడు గరిటె వెనక వేలితో గీత గీస్తే ఆ గీత అలాగే నిలుస్తుంది. ముందే దించితే రాత్రికి బిగిసినట్టే ఉండి, మర్నాడు కత్తి పెట్టేసరికి నీళ్ళు వదులుతుంది. దించాక మూడు ఔన్సుల తీపి లేని చాక్లెట్ తురిమి వెయ్యి, కాస్త వెన్న, వెనీలా. క్రస్ట్‌లో పోసి, ప్లాస్టిక్ కవర్ పైకి అంటుకునేలా కప్పి ఫ్రిజ్‌లో పెట్టు. లేకపోతే మీగడ కట్టినట్టు తొక్క కడుతుంది. ముందురోజు రాత్రే చేసెయ్. గురువారం పొద్దున్న నీకు వేరే పనుంది, అది చెబుతాను.

ఇలా చేస్తే ఆల్యులోజ్ పక్కన పెట్టి ముక్కకి పదిహేను గ్రాముల దాకా కార్బ్స్, అందులో మూడోవంతుకి పైగా పీచు. కప్పు అన్నంలో 45 ఉంటాయి. అంటే ఈ పై తిన్నందుకు మీ నాన్నకి ఏమీ కాదు. ఇన్ని చెప్పినదాన్ని ఈ మాట అంటున్నానేంటి అనుకోకు. నా భయం పై గురించి కాదు.

మామయ్య వాళ్ళ అన్నయ్య, మా బావగారు, ఒక ఏడాది నవంబర్‌లో మా దగ్గరికొచ్చారు. ఇండియా నుంచి దిగి వారం కూడా కాలేదు. తెలిసినవాళ్ళు థ్యాంక్స్‌గివింగ్ భోజనానికి పిలిచారు, రెండింటికల్లా అన్నారు. పొద్దున్నే మామూలుగా గ్లిమిపిరైడ్ అనే షుగర్ మాత్ర వేసుకుని, ఒక్క ఇడ్లీతో సరిపెట్టారు. "సాయంత్రం పై ఉందటగా, షుగర్ లేకుండా చేశారట, దానికి చోటుంచుకుంటా" అని నవ్వారు. అక్కడ ఓవెన్ ఆలస్యం, కబుర్లు ఆలస్యం, ఒకరి కోసం ఒకరు ఎదురుచూపులు. అయిదు దాటినా ప్లేట్లు కదల్లేదు. పెద్దాయన సోఫాలో కూర్చుని అడిగిన మాటే మళ్ళీ అడుగుతున్నారు, పిల్లలు అరిస్తే కసురుకుంటున్నారు. జెట్‌లాగ్ అన్నారు అందరూ. నేను పక్కకి వెళ్ళి చూస్తే, బయట అంత చలిలో ఆయన చొక్కా కాలర్ తడిసి ముద్దయింది.

షుగర్ పడిపోయిందని తెలిశాక కూడా ఏం చేశారనుకున్నావు? "తీపి పెట్టండి" అన్నారెవరో. ఆ ఇంటావిడ పరుగెత్తి ఆ షుగర్ లేని చాక్లెట్ పై రెండు స్పూన్లు నోట్లో పెట్టింది. మామయ్య కంగారులో చేతికందిన డబ్బా తెచ్చి తాగించారు. డైట్ కోక్. రెండూ తీపిగానే ఉన్నాయి, రెండిట్లోనూ చక్కెర లేదు. ఇంజనీరు, ఇద్దరు ప్రొఫెసర్లు, ఒక ఫార్మసిస్టు ఉన్న గదిలో! పిల్లల కోసం తెచ్చిన యాపిల్ జ్యూస్ ఫ్రిజ్‌లో దొరికేసరికి మీటర్ యాభై చిల్లర చూపిస్తోంది. అర గ్లాసు తాగించి పావుగంట కూర్చున్నాం. ఆ పావుగంట మామయ్య గోడ గడియారం వంకే చూశారు. మళ్ళీ చూస్తే ఇంకా డెబ్భైకి రాలేదు, ఇంకో అర గ్లాసు. అప్పుడు బావగారు చుట్టూ చూసి, "ఇంతమంది ఏంటి నా చుట్టూ?" అన్నారు. ఇప్పటికీ మామయ్య ముందు డైట్ కోక్ మాటెత్తితే లేచి వెళ్ళిపోతారు.

మీ నాన్న వేసుకునేదీ గ్లిమిపిరైడే, మెట్‌ఫార్మిన్‌తో కలిపి. మెట్‌ఫార్మిన్ ఒక్కటే అయితే షుగర్ ఇలా పడిపోవడం అరుదు, గ్లిమిపిరైడ్ అలా కాదు, మాత్ర వేసుకుని తిండి మానేస్తే దించేస్తుంది. మీ నాన్న తిండి ఎందుకు మానేస్తాడు? కొడుకు తన కోసం పై చేశాడు కాబట్టి. పొద్దున్న అర కప్పు ఓట్స్, మధ్యాహ్నం ఏమీ లేదు, సాయంత్రం రెండు ముక్కలు. నాకు కళ్ళకి కట్టినట్టు కనిపిస్తోంది. గురువారం నీ పని ఇదే. పొద్దున్న టిఫిన్ కడుపునిండా పెట్టు. భోజనం మూడింటికి అని అంటే, ఒంటిగంటకి పెరుగన్నమైనా తినిపించు. మాత్రల వేళలు మార్చాలంటే ముందే వాళ్ళ డాక్టర్‌ని అడగమను, మీ ఇద్దరూ సొంత వైద్యం చేయొద్దు. ఆపిల్ జ్యూస్ చిన్న డబ్బాలు నాలుగు కొని ఒకటి ఆయన కోటు జేబులోనే పెట్టు. డెబ్భై కంటే తగ్గితే నాలుగు ఔన్సులు, పదిహేను నిమిషాలాగి మళ్ళీ చూడు. మాటకి పలక్కుండా ఉంటే నోట్లో ఏదీ పోయకు, 911కి చెయ్. చక్కెర ఉన్న చాక్లెట్ ఇచ్చినా ఆ సమయానికి పనికిరాదు, అందులో కొవ్వు వల్ల ఆలస్యంగా ఎక్కుతుంది.

అన్నయ్య మీద కోపంతో రాస్తున్నాననుకోకు. తెనాలిలో అటక మీద బెల్లం కుండ ఉండేది. నిచ్చెన నేను పట్టుకునేదాన్ని, ఎక్కేది వాడు, దెబ్బలు తినేది ఇద్దరం. పెద్ద ముక్క ఎప్పుడూ నాకే ఇచ్చేవాడు. ఆ మనిషే ఇప్పుడు "చక్కెర కాదుగా, బెల్లం ఒంటికి మంచిదే" అని ఆత్రేయపురం బెల్లం పూతరేకులు సూట్‌కేస్‌లో తెచ్చుకుంటున్నాడట, వదినే చెప్పింది. బెల్లం కూడా షుగర్‌ని పెంచేదే. వెతికి పట్టుకో, నా పేరు చెప్పి లాక్కో.

ఇంకొక్కటి. నాన్నకి వేరే పై, మిగతావాళ్ళకి వేరే పై పెట్టకు. హాస్పిటల్ ట్రే మీద డయాబెటిక్ అని చీటీ చూసినప్పుడు పెద్దవాళ్ళ మొహాలు ఎలా అయ్యేవో నాకు తెలుసు. అందరికీ ఇదే కోసి పెట్టు, ఏం వేశావో తిన్నాక చెప్పు. పిల్లలకి తీపి చాలకపోతే వాళ్ళ ముక్క మీద ఐస్‌క్రీమ్ వేసుకుంటారు.

కొనే ముందు డబ్బా వెనక ఫోటో నాకు పంపు. తిండి మొదలుపెట్టిన రెండు గంటలకి షుగర్ చూడు, 180 లోపు ఉంటే చాలు. ఆ నంబర్ నాకు మెసేజ్ చెయ్. మీ నాన్న నోటితో చెప్పిన నంబర్ కాదు, మీటర్ ఫోటో.

మీ అత్త