చుక్క ఎక్కడుందో చూడు: మెయిన్‌ఫ్రేమ్ పుస్తకం రాస్తున్న అమ్మాయికి

అమ్మాయ్,

బ్యాంకులూ బీమా కంపెనీలూ లెక్కలకి వాడే పెద్ద కంప్యూటర్లు, అంటే మెయిన్‌ఫ్రేమ్‌ల మీద నువ్వు రాసి పంపిన డ్రాఫ్టు మొత్తం రెండుసార్లు చదివాను. మొదటిసారి మీ నాన్న స్నేహితుడిగా చదివితే అంతా బాగానే ఉందనిపించింది. రెండోసారి ఎర్ర పెన్ను పట్టుకుని చదివాను. ఈ ఉత్తరం ఆ పెన్ను రాయిస్తున్నది, కాబట్టి కాస్త ఓపిక పట్టు.

మొదటి అధ్యాయం మొత్తం తీసెయ్. అబాకస్ దగ్గర మొదలుపెట్టి, బాబేజీ మీదుగా ట్రాన్సిస్టర్ దాకా వచ్చావు. కంప్యూటర్ పుస్తకం అనగానే అందరం ఆ ముప్పై పేజీలూ రాస్తాం. నా మొదటి పుస్తకంలో నేనూ రాశాను. అచ్చయ్యాక ఒక్కరంటే ఒక్కరు కూడా ఆ పేజీల గురించి మాట్లాడలేదు, తప్పులున్నాయని కూడా ఎవరూ చెప్పలేదు. చదివితే కదా!

చరిత్ర వద్దని కాదు. ఈ రోజుకీ కరుస్తున్న చరిత్ర ఒక్కటే ఉంచు. మెయిన్‌ఫ్రేమ్ లెక్కల ప్రోగ్రాములు రాసే భాష కోబాల్ కదా, దాని లైనులో మొదటి ఆరు కాలమ్స్ వరస నంబరుకి, ఏడోది స్టార్ పెట్టి కామెంట్ రాసుకోడానికి, 8 నుంచి 72 దాకా అసలు ప్రోగ్రాం. ఇదంతా 80 కాలమ్స్ ఉండే పంచ్ కార్డు పుణ్యం, వెనకటికి ఒక్కో లైనునీ రంధ్రాలుగా పొడిచిన అట్టముక్క అది. కార్డుల కట్ట చేతిలోంచి జారి నేల మీద చెల్లాచెదురైతే మళ్లీ వరసలో పెట్టుకోడానికే ఆ నంబర్లు. ఈ కథ ఎందుకు చెప్పాలంటే, కొత్తగా చేరిన కుర్రాడు లైను పొడుగ్గా రాస్తాడు, అది 72 దాటిపోతుంది. దాటిన ముక్కని కంపైలర్ (ప్రోగ్రాంని మెషిన్ భాషలోకి మార్చేది) మాటామంతీ లేకుండా వదిలేస్తుంది. చివరి అక్షరం తెగిపోయిన పేరు ఇంకో ఫీల్డు పేరుతో కలిసిందంటే ఎర్రర్ కూడా రాదు. కార్డు కథ తెలిసినవాడు పది నిమిషాల్లో పట్టుకుంటాడు, తెలియనివాడు పొద్దుపోయేదాకా కూర్చుంటాడు. చరిత్రని అలా వాడు.

ఇప్పుడు అసలు విషయం. నీ పుస్తకం ప్రోగ్రాం రాయడం నేర్పుతోంది. నీ పాఠకుడి పని అది కాదు.

ఎవరతను? ఒక్కసారి కళ్లు మూసుకుని ఊహించుకో. డిగ్రీయో ఇంజనీరింగో అయింది, కంపెనీలో చేరాడు, ట్రైనింగ్ బ్యాచ్‌లో స్నేహితులకి జావా వచ్చింది, తనకి మెయిన్‌ఫ్రేమ్ అలాట్ అయింది. ఆ రాత్రి హాస్టల్‌లో అన్నం తినలేదు. మూడు నెలల తర్వాత అతని ముందు ఎనిమిది వేల లైన్ల ప్రోగ్రాం ఒకటి పెట్టి, ఇందులో వడ్డీ లెక్క ఒక చోట మార్చు అన్నారు. రాసినాయన రిటైరైపోయాడు. కామెంట్లు 1987 నాటివి, వాటిలో సగం ఇప్పుడు అబద్ధాలు. ఈ కుర్రాడు రాయబోయేది నాలుగు లైన్లు, అర్థం చేసుకోవాల్సింది ఎనిమిది వేలు. మార్కెట్లో ఉన్న పుస్తకాలు ఎక్కువ భాగం ఆ నాలుగు లైన్ల కోసం రాసినవే. నువ్వు ఆ ఎనిమిది వేల కోసం రాయి.

అంటే మొదటి పేజీలోనే ఒక పాత ప్రోగ్రాం పెట్టు. శుభ్రంగా, నువ్వు తయారుచేసిన బొమ్మ ప్రోగ్రాం కాదు. ఎక్కడికో దూకమనే గో టూలు ఉన్నది, పెర్ఫామ్ త్రూ అని ఒక పేరా నుంచి ఇంకో పేరా దాకా దూకేది, ఇఫ్ (‘ఇలా అయితే’ అనే షరతు) ముగిసిందని చెప్పే ఎండ్-ఇఫ్ అన్న మాటే లేనిది. ఎండ్-ఇఫ్ వచ్చింది 1985 కోబాల్ ప్రమాణంతో. అంతకు ముందు ఇఫ్ ఎక్కడ ముగిసిందో చెప్పేది ఒక్క చుక్క, ఫుల్‌స్టాప్. ఆ చుక్క మీద నీకు ఒక అధ్యాయం రాయొచ్చు. నువ్వు ఒక వాక్యంలో తేల్చేశావు.

నా కథ చెబుతాను. ఉద్యోగంలో చేరిన రెండో ఏడు, ఒక బీమా లెక్కల ప్రోగ్రాం నా చేతికొచ్చింది. వయసు 60 దాటితే ఒక రేటు వేసి, ఒక కౌంటర్ పెంచే ఇఫ్ అది. వాళ్లకి రాయితీ ఉత్తరం కూడా వెళ్లాలి, ఒక లైను చేర్చమన్నారు. పై లైన్లకి సరిగ్గా సమానంగా, ముచ్చటగా జరిపి చేర్చాను. పై లైను చివర చుక్క ఉంది. చూడలేదు. కంపైలర్‌కి నా ముచ్చటతో పనేముంది, దానికి చుక్కే లెక్క. ఆ రాత్రి బ్యాచ్‌లో, అంటే పోగుపడిన పనంతా ఒక్కసారిగా నడిపినప్పుడు, పాతికేళ్ల కుర్రాళ్లకి కూడా వృద్ధుల రాయితీ ఉత్తరాలు ప్రింటయ్యాయి. పొద్దున్నే ఆపారు కాబట్టి పోస్టులో పడలేదు. మా మేనేజర్ ఏమీ అనలేదు, ప్రింటౌట్ తెచ్చి ఆ చుక్క చుట్టూ గుండ్రంగా గీసి నా టేబుల్ మీద పెట్టి వెళ్లాడు. దానికన్నా తిట్టుంటే బాగుండేది.

నీ పాఠకుడికి అలాంటి కాగితం నువ్వే ఇవ్వు, వాడి మేనేజర్ ఇచ్చే లోపు. ప్రతి అధ్యాయం చివర “కింది ప్రోగ్రాం రాయండి” అని అడుగుతున్నావు. అది మార్చి, “ఇందులో తప్పెక్కడుందో చూడండి, ఆ తప్పు రాత్రి ఏం చేస్తుందో చెప్పండి” అని అడుగు.

రెండో అధ్యాయంలో కోబాల్ ప్రోగ్రాంలో ఉండే నాలుగు డివిజన్ల (భాగాల) జాబితా ఉంది. జాబితాగా సరిగ్గానే ఉంది. కానీ కోబాల్ ఎందుకు పుట్టిందో చదివేవాడికి అందలేదు. ఇక్కడ నీకు ఇంగ్లీషు పుస్తకాలకి లేని సౌకర్యం ఒకటుంది, గమనించావా? మన షావుకార్ల దగ్గర చిట్టా, ఆవర్జా ఉండేవి. ఆ రోజు జరిగిన బేరాలన్నీ జరిగిన వరసలో చిట్టాలో ఎక్కుతాయి. కొట్టు కట్టేశాక గుమస్తా కూర్చుని ఒక్కొక్క పద్దునీ ఆవర్జాలో ఆయా మనిషి ఖాతా కింద వేస్తాడు. మెయిన్‌ఫ్రేమ్‌లో రాత్రి నడిచే బ్యాచ్ అంటే ఇదే కదా! చిట్టా ట్రాన్సాక్షన్ ఫైల్, ఆవర్జా మాస్టర్ ఫైల్. ముందు చిట్టాని ఖాతా నంబరు వరసలో సార్ట్ చేస్తారు. తర్వాత రెండు ఫైళ్లలోంచి ఒక్కో రికార్డు చదివి నంబర్లు పోలుస్తారు. రెండూ ఒకటే అయితే పద్దు వెయ్యి, చిట్టా నంబరు పెద్దదైతే ఆవర్జాలో ముందుకెళ్లు, చిన్నదైతే ఆ ఖాతా ఆవర్జాలో లేదన్నమాట, పక్కన రాసి పెట్టు. నలభై ఏళ్ల కిందటి బ్యాంకు ప్రోగ్రాముల్లో చాలా భాగం ఈ మూడు వాక్యాల చుట్టూ తిరిగేవే. అమ్మమ్మ ఊళ్లో కిరాణా కొట్టు చూసిన కుర్రాడికి ఇది ఒక్క పూటలో ఎక్కుతుంది. దీన్ని పుస్తకం మధ్యలోకి తెచ్చి, ఇరవై పేజీలు తీరిగ్గా రాయి.

మాటల సంగతి. వర్కింగ్ స్టోరేజీని “కార్య నిల్వ విభాగం” అన్నావు, ఫైల్‌ని “దస్త్రం” అన్నావు. రేపు ఆఫీసులో ఈ మాటలంటే నవ్వుతారు, అది వాడికి నువ్వు చేసే అన్యాయం. పేర్లు ఆఫీసులో వాడేవే ఉంచు. తెలుగు చూపించాల్సింది వివరణలో. ప్యాక్డ్ డెసిమల్ దగ్గర చూడు, “సంకుచిత దశాంశ రూపం” అని పేరు పెట్టి వదిలేశావు. పేరు పెడితే అర్థమైపోతుందా? నేనైతే ఇలా చెబుతాను. ఒక్కో బైటు రెండు గదుల వాటా. మామూలుగా ఒక వాటాలో ఒక్క అంకే ఉంటుంది. కాంప్-త్రీ (కోబాల్‌లో ప్యాక్డ్ డెసిమల్‌కి రాసే మాట) అన్నామంటే గదికొక అంకె చొప్పున ఇద్దరు అద్దెకుంటారు. చివరి వాటాలో మాత్రం ఒక గదిలో అంకె, పక్క గదిలో గుర్తు, సీ ఉంటే ప్లస్, డీ ఉంటే మైనస్. 12345 దాచాలంటే మూడు వాటాలు చాలు: 12, 34, 5సీ.

ఇది చెప్పిన వెంటనే సాక్ సెవెన్ (S0C7 అనే కోడ్) చెప్పు. మెయిన్‌ఫ్రేమ్ వాళ్లందరికీ అర్ధరాత్రి ఫోన్ చేసి లేపే అబెండ్ (ప్రోగ్రాం మధ్యలో ఆగిపోవడం) అదే. ఏం జరిగిందంటే, అంకెలుండాల్సిన ఫీల్డులోకి ఖాళీలు వచ్చాయి. మెయిన్‌ఫ్రేమ్ అక్షరాలకి వాడే కోడు ఎబ్సిడిక్‌లో ఖాళీ అంటే 40. చివరి వాటాలో గుర్తుండాల్సిన గదిలో సున్నా కూర్చుంది. సున్నా గుర్తు కాదు కదా, మెషిన్ కూడిక మధ్యలోనే ఆపేసింది. ఇంతే. గదుల కథ విన్నవాడు డంప్‌లో (ఆగినప్పుడు మెమరీలో ఏముందో చూపే ప్రింట్లో) 40 40 40 అని చూడగానే “ఓహో, ఎవరో ఇనిషియలైజ్ చేయలేదు” అంటాడు. నీ డ్రాఫ్టులో ఈ రెండింటికీ మధ్య నూట పది పేజీల దూరం ఉంది. కలిపెయ్.

మూడో అధ్యాయంలో “హలో వరల్డ్” అని స్క్రీన్ మీద చూపించే ప్రోగ్రాం ఉంది. అది పీసీ పుస్తకాల అలవాటు. మెయిన్‌ఫ్రేమ్‌లో బ్యాచ్ ప్రోగ్రాం డిస్‌ప్లే అంటే స్క్రీన్ మీద ఏమీ రాదు, స్పూల్‌లోకి (అవుట్‌పుట్ చేరే చోటికి) వెళ్లి వెతుక్కోవాలి. ప్రోగ్రాం నడవాలంటే ముందు జేసీఎల్ (ఏ ప్రోగ్రాం ఏ ఫైళ్లతో నడవాలో మెషిన్‌కి చెప్పే భాష) కావాలి. కాబట్టి జేసీఎల్‌ని తొమ్మిదో అధ్యాయం నుంచి ముందుకు లాక్కురా. మొదట ఐఈఎఫ్‌బీఆర్14 చూపించు. ఏ పనీ చేయని ప్రోగ్రాం అది, వచ్చిన దారినే వెనక్కి వెళ్లిపోతుంది. జేసీఎల్‌తో ఫైళ్లు సృష్టించడానికో తీసేయడానికో ఏదో ఒక ప్రోగ్రాం నడవాలి కాబట్టి దీన్ని నడుపుతారు. మొదట్లో అందులో ఉన్నది ఒక్కటే ఇన్‌స్ట్రక్షన్, అందులోనూ బగ్. రిటర్న్ కోడ్ (పని ఎలా ముగిసిందో చెప్పే అంకె) సున్నా చేయకుండా వెళ్లిపోయేది, తర్వాత దానికి ఇంకో ఇన్‌స్ట్రక్షన్ చేర్చాల్సి వచ్చింది. ఏమీ చేయని ప్రోగ్రాంలోనే బగ్ ఉందని తెలిస్తే నీ పాఠకుడికి కాస్త ధైర్యం వస్తుంది.

జేసీఎల్‌లో ఒక్కో ప్రోగ్రాం నడిపే మెట్టుని స్టెప్ అంటారు కదా, దానికి షరతు పెట్టే కాండ్ పారామీటర్ దగ్గర మాత్రం తొందరపడకు. నువ్వు రాసింది తలకిందులైంది, చాలామందికి అవుతుంది. కాండ్ అని రాసి బ్రాకెట్లో 4, ఎల్‌టీ (లెస్ దాన్) అంటే “కోడ్ 4 కన్నా తక్కువైతే ఈ స్టెప్ నడుపు” అని కాదు. “ముందు స్టెప్పుల్లో దేని రిటర్న్ కోడ్ కన్నా 4 తక్కువైనా, అంటే ఏదైనా 4 దాటినా, ఈ స్టెప్ వదిలెయ్” అని. నడపడానికి షరతు కాదు, మానడానికి షరతు. ఈ వాక్యాన్ని పెద్ద అక్షరాల్లో వేయించు.

ఇంట్లో ఎలా ప్రాక్టీస్ చేయాలని అడుగుతారు. గ్నూ-కోబాల్ అనే కంపైలర్ పీసీలో ఉచితంగా నడుస్తుంది, చెప్పు. కానీ ఒక హెచ్చరిక చేర్చు. పీసీలో మామూలుగా సార్ట్ చేస్తే అంకెలు ముందు, అక్షరాలు తర్వాత వస్తాయి. మెయిన్‌ఫ్రేమ్‌లో ఎబ్సిడిక్ వల్ల అక్షరాలే ముందు. ఇంట్లో సరిపోయిన మ్యాచింగ్ లాజిక్ ఆఫీసులో తప్పేది ఇక్కడే. పీసీనే మెయిన్‌ఫ్రేమ్‌లా నడిపించే హెర్క్యులిస్ అనే ఎమ్యులేటర్ మీద పాత ఎంవీఎస్ 3.8 (ఐబీఎం వాళ్ల పాత ఆపరేటింగ్ సిస్టమ్) పెట్టుకోవచ్చు. అందులో దొరికే కోబాల్ కంపైలర్‌కి ఎండ్-ఇఫ్ తెలియదు. చుక్కలు నేర్చుకోడానికి అంతకన్నా మంచి బడి లేదని నా అభిప్రాయం. నిజమైన మెషిన్ కావాలంటే ఐబీఎం వాళ్ల జెడ్ ఎక్స్‌ప్లోర్ ఉంది, నేర్చుకునేవాళ్ల నుంచి డబ్బు తీసుకోరు.

పేరులో “పాత కంప్యూటర్లు” అన్నావు, మార్చు. మెషిన్లు పాతవి కావు. ఐబీఎం మెయిన్‌ఫ్రేమ్ జెడ్16 వచ్చింది 2022లో, జెడ్17 వచ్చింది 2025లో. పాతవి ప్రోగ్రాములు. 1964లో సిస్టమ్/360 ప్రకటించినప్పటి నుంచి పాత ప్రోగ్రాం కొత్త మెషిన్ మీద నడవాలన్నదే ఐబీఎం వాళ్ల ఒట్టు. 2020 ఏప్రిల్‌లో అమెరికాలో న్యూజెర్సీ గవర్నర్ కోబాల్ తెలిసినవాళ్లు సాయానికి రావాలని అడిగింది కూడా, నిరుద్యోగ భృతి దరఖాస్తులు ఒక్కసారిగా వచ్చిపడిన ఆ వ్యవస్థ అప్పటికీ కోబాల్ మీదే పనిచేస్తూ ఉంది కాబట్టే. అయితే “కోబాల్ నేర్చుకుంటే ఉద్యోగం గ్యారంటీ” అని నువ్వు ముందుమాటలో రాసిన వాక్యం కొట్టేశాను. ఆ పూచీ నువ్వు పడలేవు.

తెలుగులో ఎవరు చదువుతారని మీ నాన్న అడిగాడట. నన్నూ అడిగాడు. తొంభైల చివర అమీర్‌పేటలో వై2కే (2000 సంవత్సరం తేదీల గొడవ) రోజులు నేను చూశాను. మైత్రివనం చుట్టూ బోర్డులు, గదికి వంద మంది, నిలబడి వినేవాళ్లు కొందరు. సార్ పాఠమంతా తెలుగులోనే చెప్పేవాడు. ఏడాదికి రెండంకెలే ఉంటే కంప్యూటర్ 2000ని 1900 అనుకుంటుందని, అందుకే 50 కన్నా తక్కువైతే 2000లు, ఎక్కువైతే 1900లు అని గీత గీస్తారని చక్కటి తెలుగులో చెప్పేవాడు. బోర్డు మీద మాత్రం ఇంగ్లీషులో రాసేవాడు, మేం అదే రాసుకునేవాళ్లం. ఇంటికొచ్చి చూస్తే చెప్పింది నోట్సులో ఉండేది కాదు, రాసిందే ఉండేది. ఆ చెప్పింది ఎవరూ అచ్చు వేయలేదు. నువ్వు రాయాల్సిన పుస్తకం అదే, మీ నాన్నకి ఇదే జవాబు చెప్పాను.

ఆ రోజుల్లో జిరాక్స్ షాపులో కొన్న నోట్సు కట్ట ఒకటి నా దగ్గర మిగిలింది. రేపు కొరియర్లో పంపుతున్నాను. చూసి రాయడానికి కాదు, ఎక్కడెక్కడ వివరణ మింగేశారో చూడ్డానికి. కోబాల్‌లో టేబుల్ వెతికే సెర్చ్ ఆల్ దగ్గర “ఏ టేబుల్ మీదైనా వేగంగా వెతుకుతుంది” అని ఉంటుంది. పక్కనే ఎవరో పెన్సిల్‌తో “సార్ట్ అయి ఉంటేనే” అని రాశారు. ఆ చేతిరాత ఎవరిదో తెలియదు, నాది మాత్రం కాదు. సరిచేసిన డ్రాఫ్టు నెలాఖరుకి పంపు, ఈసారి లైన్ల మధ్య కాస్త ఖాళీ వదులు, నా పెన్నుకి చోటు చాలడం లేదు.

ఉంటాను,
బాబాయ్