విషం సీసా తీసెయ్యి

అమ్మాయీ,

నీ కథ రాత్రి రెండుసార్లు చదివాను. మొదటి పేజీ బాగుంది. మూడో పేజీలో ఆ కోటీశ్వరుడు దిగేసరికి కోపమొచ్చి కాగితాలు పక్కన పడేశాను.

ఎడిసన్ ఫిల్మ్ స్టూడియోలో అన్నబెల్ అనే నాట్యకత్తె చేసిన సర్పెంటైన్ డాన్స్, అదే, పొడవాటి గుడ్డని పాములా మెలికలు తిప్పుతూ ఆడే నాట్యం గురించి రాశావు. సంతోషం. కానీ 1894లో వెయ్యిమంది హాల్లో ఈలలు వేశారా? ఏ హాల్లో? అప్పటికింకా ఎడిసన్ బొమ్మ తెర మీద పడలేదు. ఒక చెక్కపెట్టె, దానికో కన్నం, ఒక్కొక్కరే వంగి చూడాలి. న్యూయార్క్ బ్రాడ్‌వే వీధిలో 25 సెంట్లిస్తే వరసగా 5 పెట్టెలు. కన్నంలోకి ఒంటరిగా చూసేవాడి మొహం ఎలా ఉంటుందో రాయవేం? ఆమె మీద ఎర్రలైటు పడిందన్నావు. అక్కడున్నది ఎండ. నల్ల తారుకాగితం అంటించిన షెడ్డు, తెరుచుకునే కప్పు, సూర్యుడు జరిగితే షెడ్డునే తిప్పేవారు. ఆ రంగులు తర్వాత ఫిల్ము మీద ఫ్రేము ఫ్రేముకీ చేత్తో అద్దినవి.

ఇవి దిద్దుకోవచ్చు. నా బాధ వేరే.

ఆ డాన్సుకి పేరు తెచ్చిన లోయీ ఫుల్లర్, తన నాట్యాన్ని ఇంకొకరు చేస్తున్నారని 1892లో న్యూయార్క్‌లో కేసు వేసింది. ఇందులో కథ లేదు, కాబట్టి హక్కు లేదంది కోర్టు. ఆమె అదే ఏడు పారిస్ వెళ్లి ఫోలీ బెర్జేర్ అనే నాట్యశాలలో అదే గుడ్డ ఊపితే ఊరు ఊరంతా చూసింది. కథ లేకుండానే!

నా ఇరవయ్యో ఏట టూరింగ్ టాకీసులో పనిచేశాను. తెగిన రీలుని ఆపరేటరు గోటితో గీకి, జిగురు రాసి, ఊదుతూ అతికించేవాడు. అదొక్కటే నాలుగు పేజీలు రాసి ఒక పత్రికకి పంపాను. "కథ ఏదీ?" అని పోస్టుకార్డు వచ్చింది. ఆ ఎడిటరు పోయి చాలా ఏళ్లయింది, కార్డు మాత్రం నా ట్రంకుపెట్టెలో ఉంది. ఇప్పుడు వాళ్ల బదులు ట్విస్టు అడిగేవాళ్లు వచ్చారు. నీ కోటీశ్వరుడు వాళ్ల కోసమేగా? చివర ఆ పిల్ల చేత విషం తాగించింది కూడా?

పోటీకి పంపనా అని అడిగావు. ముందు ఆ సీసా తీసెయ్యి. పాత పట్టుచీర అంచులకి రెండు వెదురు కర్రలు కట్టుకుని, డాబా మీద పావుగంట తిప్పు. భుజాలు లాగుతాయి. మర్నాడు చెయ్యి లేస్తే, రెండో పేజీ అప్పుడు రాయి.