పడవ మొన మీది ఆట

ప్రశ్న: పొడవాటి పడవ మొనపై నిలబడి, నల్లకళ్లద్దాలతో నింపాదిగా చేతులు తిప్పే ఇండోనేసియా బాలుడి వీడియోను 2025లో పదేపదే చూశాను. ఆ దేశపు వినోదం ఒక్కసారిగా ఇంత పైకి ఎలా వచ్చింది?
- ఒక పాఠకురాలు, కాకినాడ

జవాబు: మీరు చూసినది సుమత్రా దీవిలోని రియావు రాష్ట్రంలో, కువాంతాన్ నదిపై జరిగే ‘పాచు జాలూర్’ పడవ పందెం. ఒకే చెట్టు మానును తొలిచి చేసిన పడవలో దాదాపు యాభై మంది తెడ్లు వేస్తుంటే, మొనపై నిలిచిన పిల్లవాడు వారిలో హుషారు నింపుతాడు. తమ పడవ ముందంజలో ఉందని గట్టుమీది జనానికి తెలిపేదీ ఆ ఆటే. పందెం తరాల నాటిది, దాన్ని మన అరచేతిలోకి తెచ్చిన సెల్‌ఫోనే కొత్తది.

అయితే ఒక్కసారిగా వచ్చిందనడం సరికాదు. జావా భాషలో విరహగీతాలు పాడిన దిదీ కెంపోట్ దశాబ్దాలుగా ప్రసిద్ధుడే అయినా, 2019లో నగర యువత ఆయనను యూట్యూబ్‌లో కొత్తగా కనుగొని, ‘భగ్నహృదయుల పెద్దదిక్కు’గా నెత్తిన పెట్టుకుంది, మరుసటి ఏడాది మే నెలలోనే ఆయన కన్నుమూయడం విషాదం. అదే 2019లో ట్విట్టర్‌లో ముక్కలు ముక్కలుగా వెలువడిన ఒక దెయ్యం కథ 2022లో ‘కె.కె.ఎన్. ది దెసా పెనారి’ అనే చిత్రమై, 90 లక్షలకు పైగా టికెట్లు అమ్ముకుంది. నలుగురు హాస్యగాళ్ల పాడ్‌కాస్ట్ నుంచి పుట్టిన ‘అగాక్ లాయెన్’ కూడా 2024లో అంతటి విజయమే సాధించింది. నా దృష్టిలో అసలు విశేషం ఇదే: అక్కడి నిర్మాతలు ఇంటర్నెట్‌ను పోటీదారుగా కాక, కథల గాదెగా చూస్తున్నారు.

అన్నట్టు, 2014లో మన హిందీ మహాభారత సీరియల్‌కు అక్కడ ఎంత ఆదరణ దక్కిందంటే, నటులను జకార్తాకు రప్పించి మరీ టీవీ కార్యక్రమాలు చేశారు.