మేనకోడలికి: సంవృత ఆర్థిక వ్యవస్థ పట్టిక కట్టబోయే ముందు

చిరంజీవి మేనకోడలికి మామయ్య ఆశీస్సులు.

పరిశ్రమల మధ్య ఉత్పత్తినీ వినియోగాన్నీ సరితూచే సంవృత నమూనాతో నీ పరిశోధన మొదలుపెడుతున్నావని మీ అమ్మ చెప్పినప్పటి నుంచి నాకు ఒక పక్క గర్వంగానూ, మరో పక్క కంగారుగానూ ఉంది. గర్వం ఎందుకో నీకు తెలుసు. కంగారు నీ తెలివి మీద అనుమానంతో కాదు, నీ తొందర సంగతి ఎరిగినవాణ్ని కనుక. చిన్నప్పుడు జవాబు రాగానే పలక చెరిపేసేదానివి. తప్పు ఎక్కడ జరిగిందో చూపిద్దామంటే దాని మీద ఏమీ మిగిలేది కాదు.

తేలిక సంగతులు ముందు చెప్పేస్తాను. మూడు పరిశ్రమలతో మొదలుపెట్టు, ముప్పైతో కాదు. ఒక్కొక్క పరిశ్రమ మొత్తం ఉత్పత్తిని 1 అనుకుని, అందులో ఏ భాగం ఎవరికి పోతుందో ఒక నిలువు వరుసలో రాయి. వ్యవస్థ సంవృతం కాబట్టి బయటికి పోయేదీ లేదు, బయటి నుంచి వచ్చేదీ లేదు. అందుచేత ప్రతి నిలువు వరుస మొత్తం సరిగ్గా 1 కావాలి. ఆపైన ప్రతి పరిశ్రమకూ రాబడి, ఖర్చు సమానమయ్యేలా వాటి మొత్తం ఉత్పత్తుల విలువలను కనుక్కోవాలి.

ఒక చిన్న లెక్క నీ ముందు పెడతాను, కాగితం తీసుకుని నాతో పాటు వేసుకో. ఆహారం, వస్త్రం, పనిముట్లు అని మూడు రంగాలు ఉన్నాయనుకో. ఆహారంలో 0.4 భాగాన్ని ఆ రంగమే వాడుకుంటుంది, 0.2 వస్త్ర రంగానికి, 0.4 పనిముట్ల రంగానికి పోతుంది. వస్త్రంలో 0.7 ఆహార రంగానికి పోగా, 0.2 తనకే మిగిలి, 0.1 పనిముట్ల రంగానికి చేరుతుంది. పనిముట్లు అదే క్రమంలో 0.5, 0.4, 0.1గా పంపకమవుతాయి. సమీకరణాలను సాధిస్తే ఆహారం 200, వస్త్రం 100, పనిముట్లు 100 అని వస్తుంది. ఆహార రంగం కొన్నవాటిని, అంటే దాని అడ్డు వరుసను, కూడి చూడు: తన సరుకు 80, వస్త్రం 70, పనిముట్లు 50, మొత్తం 200. మిగిలిన రెండు రంగాలకూ ఇలాగే కూడితే వందేసి వస్తుంది. ఇక్కడ తేలేది నిష్పత్తి మాత్రమే. 200కు బదులు 20 అన్నా, 2000 అన్నా లెక్క చెడదు. అందుకే ఏదో ఒక రంగం విలువను ముందుగా నిర్ణయించుకోవాలి. సమీకరణాల గుణకాల నిర్ధారకం (డిటర్మినెంట్) సున్నా వచ్చిందని మాత్రం బెంబేలుపడకు. ఈ నమూనాలో అది సున్నా కావలసిందే, కాకపోతే శూన్యేతర సాధనే, అంటే అన్నీ సున్నాలు కాని జవాబే, ఉండదు.

ఇక అసలు ఈ ఉత్తరం రాయించిన సంగతి. నాతో కలిసి ఈ విద్య నేర్చుకున్న ఒక మిత్రుడు, నాకంటే చురుకైనవాడు, ఇటువంటి పట్టికనే కట్టి, ఒక్కొక్క పరిశ్రమ పంపకాన్ని నిలువు వరుసలో కాక అడ్డు వరుసలో రాశాడు. సమీకరణాలను మాత్రం నిలువు వరుసల పద్ధతికి తగినట్టే సాధించాడు. జవాబుగా మూడు పరిశ్రమల విలువలూ సమానమని వచ్చింది. వాడి సంతోషం చూడాలి నువ్వు! సమతుల్యంలో ఏ పరిశ్రమా మరొకదానికంటే ఎక్కువ కాదని, పెద్దాచిన్నా తేడా మన కళ్ళకే తప్ప వ్యవస్థకు లేదని ఒక వ్యాసమే రాసేశాడు. చదివినవాళ్ళు మెచ్చుకున్నారు కూడా. జవాబును సమీకరణాలలో ప్రతిక్షేపిస్తే అన్నీ చక్కగా సరిపోతుంటే అనుమానం ఎవరికి వస్తుంది?

నాకు అనుమానం పుట్టించింది గణితం కాదు, ఆ జవాబు అందం. అడ్డు వరుసల మొత్తం 1 వచ్చేలా నోటికి వచ్చిన అంకెలతో ఇంకో పట్టిక రాసి, దాన్నీ సాధించమన్నాను. మళ్ళీ సమానమే వచ్చింది. మరొకటి ఇచ్చాను, అదీ అంతే. అప్పుడు ఇద్దరికీ తెలిసివచ్చింది: అడ్డు వరుస మొత్తం 1 అయితే, అన్ని విలువలనూ సమానంగా తీసుకున్నప్పుడు సమీకరణం దానంతటదే సరిపోతుంది. పట్టికలో ఏ పరిశ్రమలు ఉన్నా, అవి ఏమి కొన్నా అమ్మినా ఇదే జవాబు. ఆ సమానత్వం ఆర్థిక వ్యవస్థది కాదు, కూడికది. నేను పైన ఇచ్చిన లెక్కలోనే మూడింటికీ వందేసి పెట్టి, అసలు పంపకం ప్రకారం ఖర్చులు కూడి చూడు. ఆహార రంగం 100 సంపాదించి 160 ఖర్చు చేస్తుంది; వస్త్రం 80, పనిముట్లు 60 మాత్రమే ఖర్చు చేస్తాయి. ఇది సమతుల్యం ఎలా అవుతుంది? వాడు రాసిన పట్టికలోకే తిరిగి పోయి సరిచూస్తే ఈ తప్పు ఎన్నటికీ దొరకదమ్మా. ఎవరు ఎవరి దగ్గర ఎంత కొన్నారన్న మొదటి చిట్టాకు వెళ్ళి కూడితేనే దొరుకుతుంది. అందుకే పలక చెరపవద్దని చెప్పేది.

నన్ను భయపెట్టే సంగతులు ఇంకో రెండున్నాయి. మూడింట ఒక వంతును 0.33 అని మూడుసార్లు రాస్తే మొత్తం 0.99 అవుతుంది, మిగిలిన 0.01 భాగం ఎవరికీ చెందకుండా పోతుంది. ఆ చిన్న లోటుకే శూన్యేతర సాధన మాయమై, కంప్యూటర్ అన్నిటికీ సున్నాలు చూపించవచ్చు. భిన్నాలను భిన్నాలుగానే ఉంచు. రెండోది, ఇతరుల సరుకు పుచ్చుకుంటూ తన సరుకంతా తనే వాడుకునే రంగం. దానికి సరుకు అందించేవాళ్ళకు దాని నుంచి రాబడి ఉండదు. అంతటితో వాళ్ళ విలువలు సున్నాకు దిగుతాయి. అలా సున్నా కనబడితే సాఫ్ట్‌వేర్‌ను తిట్టకుండా, పట్టికలో ఎవరు ఎవరికి తిరిగి ఇవ్వడం లేదో వెతుకు. ప్రతి రంగం నుంచి ప్రతి రంగానికీ, నేరుగానో ఇతర రంగాల మీదుగానో, సరుకు చేరే దారి ఉంటే అన్ని విలువలూ ధనాత్మకంగా వస్తాయి, నిష్పత్తి కూడా ఒక్కటే ఉంటుంది.

కుటుంబాలను మరిచిపోకు. నా చిన్న లెక్కలో పనిచేసేవాళ్ళను ఆయా రంగాలలోనే కలిపేశాను. నీ పరిశోధనకు అది చాలదు. ఈ పద్ధతికి 1973లో నోబెల్ బహుమతి అందుకున్న వాసిలీ లియోంటీఫ్, 1941లో వెలువడిన తన పుస్తకంలో కుటుంబాలను కూడా ఒక పరిశ్రమగానే లెక్కగట్టారు: శ్రమ దాని ఉత్పత్తి, తిండీ బట్టా దాని ముడిసరుకు. మనుషులను ముడిసరుకు తినే పరిశ్రమ అనడం నీకు రుచించకపోవచ్చు, నాకూ మొదట రుచించలేదు. కానీ ఆ వరుసను తీసేస్తే నీ నమూనా సంవృతం కాదు. అప్పుడు వాళ్ళ అవసరాలు బయటి గిరాకీగా మారి అది వివృత నమూనా అవుతుంది; అక్కడ గిరాకీని ముందే ఇచ్చి ఉత్పత్తి ఎంత కావాలో అడుగుతారు. ఏది కడుతున్నావో మొదటి పుటలోనే స్పష్టంగా రాయి.

రాత్రుళ్ళు మేలుకుని కూడికలు వేయకు, నిద్రమత్తులో అడ్డూ నిలువూ తారుమారవుతాయి. పట్టిక సిద్ధం కాగానే, సాధించడానికి ముందే, నాకొక ప్రతి పంపించు. నిలువు మొత్తాలు నేనూ ఒకసారి కూడి చూస్తాను. నువ్వు విసుక్కున్నా సరే.

ఇట్లు,
మామయ్య