ఇసుక కేసులో పట్టుకున్న ట్రాక్టర్‌ను కోర్టు ద్వారా విడిపించుకోవడం: నా అనుభవం

మీ అన్న ట్రాక్టర్‌ను ఇసుకతో పట్టుకుని ఇరవై రోజులైందని, ఠాణాలో అడిగితే "కోర్టు ఆర్డర్ తెచ్చుకోండి" అంటున్నారని రాశారు. 2025 వేసవిలో నాదీ ఇదే గతి. మానేరు నది నుంచి రాత్రిపూట లోడుతో వస్తుంటే పోలీసులు ఆపారు. డ్రైవర్ దగ్గర వే బిల్లు, అంటే ఇసుక తీసుకెళ్లడానికి ఇచ్చే అనుమతి చీటీ, లేదు. తప్పు మాదే, దాచడానికేం లేదు.

ముందు ఎఫ్‌ఐఆర్ అయిందో లేదో కనుక్కోండి. తహశీల్దారో మైనింగ్ వాళ్లో ఆపి, కేసు పెట్టకుండా బండిని ఠాణాలో ఉంచారనుకోండి, మెజిస్ట్రేటు దగ్గరికి పోయి లాభం లేదు. జరిమానా కట్టి వాళ్ల దగ్గరే రిలీజ్ కాగితం తెచ్చుకోవాలి, కాదంటే హైకోర్టులో రిట్, అంటే అధికారుల చర్య మీద పిటిషన్, వేయాలి. ఎఫ్‌ఐఆర్ అయితేనే కింది కోర్టు దారి. నా దాంట్లో కొత్త శిక్షల చట్టం బీఎన్ఎస్ 303(2), అంటే దొంగతనం (పాత ఐపీసీ 379), దానితోపాటు గనుల చట్టం 21వ సెక్షన్ పెట్టారు. ఈ రెండోది ఉంటే ప్రత్యేక కోర్టుకు పొమ్మనే అవకాశం ఉంది. మీ జిల్లాలో ఏ కోర్టు వింటుందో వకీలును ముందే అడగండి. తప్పు కోర్టులో వేస్తే వారం పోయినట్టే.

పిటిషన్ బీఎన్ఎస్ఎస్, అంటే కేసులు నడిపే పద్ధతి చెప్పే కొత్త చట్టం, 503 కింద వేశాం (పాత సీఆర్‌పీసీ 457). బండి అప్పటికే కోర్టు ముందుకు వచ్చి ఉంటే 497 (పాత 451). బండ్లను ఠాణాల్లో ఏళ్లకేళ్లు ఎండబెట్టొద్దు, ఫొటోలు తీసుకుని తగిన బాండు మీద త్వరగా ఇచ్చేయండని సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసులో సుప్రీంకోర్టు 2002లోనే చెప్పింది. మా వకీలు దాన్నే పట్టుకున్నాడు. మళ్లీ ఇదే పని చేస్తారని ఏపీపీ (ప్రభుత్వం తరఫు వకీలు) అభ్యంతరం చెప్పాడు. మాకు పాత కేసు లేదు కాబట్టి అది నిలవలేదు. మీ అన్న మీద ఇంతకుముందు కేసు ఉంటే మాత్రం వకీలు దగ్గర దాచకండి, ఏపీపీ ఎలాగూ బయటపెడతాడు.

ఇక నేను చేసిన పొరపాటు. పిటిషన్‌లో ట్రాక్టర్ నంబరు ఒక్కటే రాయించాను. ట్రాలీకి వేరే నంబరు, వేరే ఆర్సీ ఉంటాయన్న సంగతి అప్పుడు తట్టలేదు. ఆర్డర్ పట్టుకుని సంబరంగా పోతే ఠాణాలో రాతపని చూసే రైటరు చదివి, "ఇంజన్ తీసుకుపోండి, డబ్బా గురించి ఇందులో లేదు" అన్నాడు. ఆయన తప్పేం లేదు. మళ్లీ పిటిషన్, మళ్లీ వాయిదా. ట్రాలీ ఇంటికి వచ్చేసరికి ఇంకో 19 రోజులు పట్టింది, ఈలోగా దుక్కులు మొదలయ్యాయి. మా ఊళ్లో సగం ట్రాలీలకు అసలు రిజిస్ట్రేషనే లేదు. మీదీ అంతే అయితే వకీలుకు మొదటిరోజే చెప్పండి.

ఆర్సీ ఎవరి పేరున ఉందో వాళ్లే పిటిషన్ వేయాలి. సెకండ్ హ్యాండ్‌లో కొని పేరు మార్చుకోకపోతే అమ్మినాయన్ని బతిమాలి కోర్టుకు తీసుకురావాల్సి ఉంటుంది. ఫైనాన్స్ ఉంటే వాళ్ల ఎన్‌ఓసీ (అభ్యంతరం లేదన్న కాగితం) కూడా దగ్గర పెట్టుకోండి. ఇన్సూరెన్స్ అయిపోయి ఉంటే ముందు కట్టేయండి, మాకు దాని మీదే ఒక వాయిదా పోయింది.

నాకు రెండు లక్షల బాండు, అంతే మొత్తానికి ఇద్దరు జామీనుదారులను అడిగారు. బండి అమ్మొద్దు, రంగు, రూపం మార్చొద్దు, పిలిచినప్పుడు తెచ్చి చూపించాలని షరతులు పెట్టారు. బండి చేతికొచ్చిందంటే కేసు పోయిందని కాదు. రేపు నేరం రుజువైతే బండిని జప్తు చేసే అధికారం అదే 21వ సెక్షన్ కోర్టుకు ఇస్తుంది. ఇసుక మాత్రం తిరిగి రాదు, దాని మీద ఆశ వదిలేయండి.

"నేను చెప్తే వదిలేస్తారు" అంటూ ఠాణా చుట్టూ తిరిగేవాడొకడు తగులుతాడు. నేను ఎనిమిది వేలు ఇచ్చుకున్నాను. కేసు కోర్టుకెక్కాక ఎస్సైకే ఆ అధికారం ఉండదు, ఇక వాడికెక్కడిది?

తెచ్చుకునే రోజు ఛార్జ్ చేసిన బ్యాటరీ, ఐదు లీటర్ల డీజిల్, తెలిసిన మెకానిక్ వెంట ఉండాలి. నా ట్రాక్టర్ వైర్లు ఎలుకలు కొరికేశాయి, ముందు టైరు నేలకు అతుక్కుపోయింది. సంతకం పెట్టకముందే చుట్టూ తిరిగి చూసి, ఫొటోలు తీసుకోండి.